నీటి అడుగున నిశ్శబ్దం, గట్టు మీద ఒక మనిషి

వేసవి సెలవుల్లో నర్సంపేట వైపో, పరకాల వైపో ఊళ్లకు వెళ్తే వ్యవసాయ బావుల దగ్గర పాత ఆట ఒకటి ఇంకా కనిపిస్తుంది. గట్టు మీది నుంచి ఒకరు రూపాయి బిళ్లను బావిలోకి విసురుతారు. అది మెరుస్తూ అడుగుకు జారుతుంటే దాని వెనకే ఇంకొకరు మునుగుతారు. పైనున్నవాళ్లు ఒకటి, రెండు, మూడు అని లెక్కపెడతారు. బిళ్లతో పైకి తేలినవాడు ఆ పూటకు మొనగాడు. నడుముకు బెండ్లు కట్టుకుని ఈత నేర్చిన పిల్లలు ఆ బెండ్లు విప్పిన ఏడాదికే ఈ ఆటలో చేరతారు. ఊపిరి బిగబట్టి మునగడం ఎవరో వచ్చి ఈ ప్రాంతానికి నేర్పవలసిన విద్య కాదు.

కొత్తగా వచ్చింది దాని చుట్టూ అల్లుకున్న మాటలే. ఫోనులో చూసే వీడియోల్లో నీటి అడుగున కళ్లు మూసుకుని కదలకుండా కూర్చున్న మనుషులు కనిపిస్తారు. వెనక వేణువు వినిపిస్తుంది, కింద ‘నీటిలో ధ్యానం’ అన్న శీర్షిక ఉంటుంది. కెమెరా పట్టుకున్న మనిషి, పక్కన కాపలాగా ఈదుతున్న మరో మనిషి మాత్రం చూసేవారి కంటపడరు. ఆ వీడియో చూసి, పొద్దున్నే ఖాళీగా ఉన్న ఈత కొలనులోనో, ఊరి బయటి బావిలోనో ఒంటరిగా దిగేవారికి అందకుండా పోయే పాఠం ఆ కనిపించని మనుషులదే. ధ్యానం ఏకాంతాన్ని కోరుకుంటుంది. నీటి కింద ఊపిరి బిగబట్టే పనికి ఏకాంతమే అన్నిటికన్నా పెద్ద ప్రమాదం. అసలు చిక్కంతా ఇక్కడే ఉంది.

నీటి కింద దొరికే ప్రశాంతత అబద్ధం కాదని ముందే ఒప్పుకోవాలి. ముఖం చల్లని నీటిలో మునిగి, ఊపిరి ఆగిన కొద్ది క్షణాల్లోనే శరీరంలో ఒక పాత ఏర్పాటు మేలుకొంటుంది. సీళ్లు, తిమింగలాలు, బాతుల్లో బలంగా కనిపించే ఈ ఏర్పాటు మనిషిలోనూ కొంత తక్కువ మోతాదులో ఉంది. నీట మునిగిన బాతు గుండె నెమ్మదించడాన్ని ఫ్రెంచి శాస్త్రవేత్త పోల్ బేర్ 1870లోనే నమోదు చేశాడు. నుదుటి మీద, కళ్ల చుట్టూ, ముక్కు పక్కల చర్మానికి చల్లదనం తగలగానే ఆ కబురు నాడుల గుండా మెదడుకు చేరుతుంది. మెదడు వేగస్ నాడి ద్వారా గుండె వేగాన్ని తగ్గిస్తుంది. కాళ్లు చేతుల్లోని రక్తనాళాలు ముడుచుకుని, రక్తం గుండె వైపు, మెదడు వైపు మళ్లుతుంది. ప్లీహం కాస్త కుంచించుకుని తనలో దాచుకున్న ఎర్రరక్తకణాలను ప్రవాహంలోకి వదులుతుంది. తరతరాలుగా సముద్రంలో మునిగి చేపలు పట్టే ఇండోనేసియా బజావు జనంలో ప్లీహం పొరుగు జనం కన్నా దాదాపు సగం ఎక్కువ పెద్దదిగా ఉన్నట్టు 2018లో వెలువడిన ఒక పరిశోధన చూపింది.

దీనికి నీటి గుణం తోడవుతుంది. ఒంటి బరువు తెలియదు. గట్టు మీది కేకలు ఒక్కసారిగా తెగిపోతాయి. మే నెల ఎండలో మాడిన ఒంటికి బావి అడుగు నీటి చల్లదనం ఎంత హాయో ఓరుగల్లు వాసులకు వేరే చెప్పనక్కర లేదు. మాట్లాడటానికి వీల్లేదు, ఫోను చూసుకోవడానికి వీల్లేదు. ఎంత చంచలమైన మనసైనా ఆ అర నిమిషం ఒకచోట నిలుస్తుంది. పీట మీద గంటసేపు కూర్చున్నా కుదరని ఏకాగ్రత నీటిలో ఇట్టే కుదిరిందని చెప్పేవారి మాటను కొట్టిపారేయలేం.

కాసేపటికి ఆ హాయి చెదురుతుంది. గొంతులో ఏదో అడ్డుపడినట్టు ఉంటుంది. ఛాతీ కింద ఊపిరి ఆడించే కండరం, ఉదరవితానం, తనంతట తానే ఎగిరిపడటం మొదలుపెడుతుంది. సాధన చేసేవారు విలువైనదిగా చెప్పుకునే ఘట్టం ఇదే. ఆ కుదుపును శత్రువులా చూడకుండా, వచ్చిందని గమనించి, కంగారు పడకుండా ఉండటం వారి అభ్యాసం. కూర్చుని ధ్యానం చేసేవారు మోకాలి నొప్పిని గమనిస్తూ కదలకుండా ఉండటానికీ దీనికీ పోలిక ఉంది. అయితే పోలిక అంతవరకే. మోకాలి నొప్పిని ఎంతసేపు భరించినా ప్రాణం పోదు. ఊపిరి కోసం వచ్చే కుదుపు శరీరం మోగించే గంట. దాన్ని పట్టించుకోకుండా ఉండటంలో ఆరితేరినకొద్దీ, ఆ గంట ఎందుకు పెట్టారో మరిచిపోయే అవకాశం పెరుగుతుంది.

గంట మోగించేది ఎవరు?

ఆక్సిజన్ తగ్గినందువల్లే ఊపిరి ఆడనట్టు అనిపిస్తుందని చాలామంది నమ్మకం. నిజానికి ఆ తహతహ ఎక్కువగా కార్బన్ డయాక్సైడ్ వల్ల పుడుతుంది. శరీరం ఆక్సిజన్‌ను వాడుకున్నకొద్దీ కార్బన్ డయాక్సైడ్ తయారవుతుంది. ఊపిరి ఆపితే అది బయటికి పోయే దారి లేక రక్తంలో పేరుకుంటుంది. దాని ఒత్తిడి మామూలుగా 40 మిల్లీమీటర్ల పాదరస స్థాయిలో ఉంటుంది. అది కొద్దిగా పెరగగానే మెదడు కాండం గంట కొడుతుంది. ఆక్సిజన్ తగ్గుదలను పసిగట్టే కణాలు మెడలోని ధమనుల దగ్గర ఉన్నా, వాటి గొంతు మొదట్లో చాలా చిన్నది. మామూలు పరిస్థితుల్లో ఈ ఏర్పాటు చక్కగా పనిచేస్తుంది. ఎందుకంటే కార్బన్ డయాక్సైడ్ పెరగడం, ఆక్సిజన్ తగ్గడం జోడెడ్ల లాగా కలిసే నడుస్తాయి.

మునిగేముందు గబగబా ఇరవై ముప్పై సార్లు లోతుగా ఊపిరి తీసి వదిలితే ఆ జోడు విడిపోతుంది. బావి గట్టున పిల్లలు చేసేది ఇదే. ‘దమ్ము నింపుకోవడం’ అని దాన్ని వారు అనుకుంటారు. నిజంగా నిండేది చాలా తక్కువ. మామూలు శ్వాసలోనే రక్తంలోని హిమోగ్లోబిన్ 97, 98 శాతం ఆక్సిజన్‌తో నిండి ఉంటుంది. నిండు కుండలో మరో చెంబెడు పోసినట్టే అవుతుంది. కార్బన్ డయాక్సైడ్ మాత్రం సగానికి సగం పడిపోగలదు. అది మళ్లీ గంట మోగించే స్థాయికి చేరేలోపు ఆక్సిజన్ అడుగంటుతుంది. తహతహ లేదు, కుదుపు లేదు, భయం లేదు. దీపం ఆరినట్టు స్పృహ పోతుంది.

అమెరికన్ శరీరధర్మ శాస్త్రవేత్త ఆల్బర్ట్ క్రెయిగ్ 1961లోనే ఈ సంగతిని వివరించాడు. తర్వాత 1976లో ఇలా స్పృహ తప్పిన 58 ఘటనలను ఒకచోట చేర్చి విశ్లేషించాడు. స్పృహ పోబోతోందన్న హెచ్చరిక ఏదీ తమకు అందలేదన్నది బతికి బయటపడినవారి అనుభవం. వారిలో చాలామంది ఈత రానివారు కారు. ఈత బాగా వచ్చి, పోటీ మనస్తత్వం ఉన్నవారు.

లెక్క వేసి చూస్తే మనిషి చేతిలో ఉన్న పెట్టుబడి ఎంత చిన్నదో తెలుస్తుంది. నిండా గాలి పీల్చిన తర్వాత ఊపిరితిత్తులు, రక్తం, కండరాలు అన్నింటిలో కలిపి ఉండే ఆక్సిజన్ సుమారు 2 లీటర్లు. కదలకుండా పడుకున్న మనిషి నిమిషానికి పావు లీటరు ఖర్చు చేస్తాడు. భాగహారం చేస్తే ఎనిమిది నిమిషాలు వస్తుంది కానీ, జేబులో ఉన్నదంతా ఖర్చు పెట్టుకునే వీలు ఇక్కడ లేదు. శరీరం బరువులో 2 శాతమే ఉన్న మెదడు ఆక్సిజన్‌లో అయిదో వంతు వాడుకుంటుంది. నిల్వ పూర్తిగా తరగడానికి చాలా ముందే అది స్పృహను ఆపేస్తుంది. పైగా చేతులు కాళ్లు ఆడిస్తే ఖర్చు కొన్ని రెట్లు పెరుగుతుంది. ఈ లెక్క మామూలు మనిషిది. కదలకుండా ఊపిరి బిగబట్టే పోటీల్లో ఫ్రాన్సుకు చెందిన స్టెఫాన్ మిఫ్సూద్ 2009లో నెలకొల్పిన రికార్డు 11 నిమిషాల 35 సెకన్లు. ముందుగా స్వచ్ఛమైన ఆక్సిజన్ పీల్చి చేసే ప్రదర్శనల్లో 2021లో క్రొయేషియాకు చెందిన బుదిమిర్ షోబట్ 24 నిమిషాల 37 సెకన్లు ఉన్నాడు. ఫోనులో ఇలాంటి అంకెలు చూసి తన రెండు నిమిషాలు ఏపాటివని అనుకునే కుర్రాడు, ఆ రెండో అంకె వెనక ఆక్సిజన్ సిలిండర్ ఉందని గమనించడు.

ఇంకో విషయం దీనికన్నా మెలికగా ఉంటుంది. మెదడుకు ఆక్సిజన్ కొద్దిగా తగ్గినప్పుడు కొందరికి బాధ కలగదు, హుషారు కలుగుతుంది. విమాన చోదకులకు శిక్షణలో దీన్ని ప్రత్యేకంగా చూపిస్తారు. చాలా ఎత్తులో గాలి పలచబడినప్పుడు మనిషి తేలిపోతున్నట్టు, అంతా సవ్యంగా ఉన్నట్టు భావిస్తూనే చిన్న కూడికలు తప్పు చేస్తాడు. నీటి అడుగున కూర్చున్నవాడికి ‘ఇంకాసేపు ఉండగలను, ఏ బాధా లేదు’ అనిపించే ఘడియ ధ్యానం కుదిరినందువల్ల వచ్చిందా, ఆక్సిజన్ తగ్గినందువల్ల వచ్చిందా? లోపలి నుంచి తేల్చుకునే మార్గం లేదు. తీర్పు చెప్పవలసిన మెదడే మత్తులో ఉంది. అందుకే తీర్పు చెప్పే పని బయటనున్న మరో మనిషికి అప్పగించాలి.

ఈత వచ్చినవాడు ఎందుకు మునిగాడు?

రూపాయి బిళ్ల ఆటలో లోతు మరో ముడి వేస్తుంది. మంచి వానలు పడిన ఏడాది బావిలో నీళ్లు 10 మీటర్ల దాకా, అంటే ముప్పై అడుగులకు పైగా నిలిచాయనుకుందాం. ఆ లోతున ఒత్తిడి పైనున్న దానికి రెండింతలు. ఊపిరితిత్తుల్లోని గాలిలో ఆక్సిజన్ 6 శాతానికి దిగినా, రెండింతల ఒత్తిడిలో అది పైన 12 శాతం ఉన్నప్పటిలా పనిచేస్తుంది. అడుగున వెతుకుతున్నంతసేపూ బుర్ర చురుకుగానే ఉంటుంది. బిళ్ల దొరుకుతుంది, పైకి తన్నుకుంటాడు. పైకి వచ్చేకొద్దీ ఒత్తిడి తగ్గుతుంది, ఆ 6 శాతం అసలు విలువ బయటపడుతుంది. కొన్నిసార్లు రక్తంలో ఉన్న ఆక్సిజనే వెనక్కి ఊపిరితిత్తుల్లోకి జారుతుంది. వెలుతురు కనిపిస్తూ, గట్టు మీది ముఖాలు కనిపిస్తూ ఉన్న చివరి రెండు మూడు మీటర్లలో స్పృహ పోతుంది. తల నీటి పైకి వచ్చి, ఒక ఊపిరి తీసుకున్నాక కూడా పోవచ్చు. పీల్చిన గాలి మెదడును చేరడానికి కొన్ని సెకన్లు పడుతుంది మరి.

ఇలాంటి మరణాలకు ఊళ్లలో వేరే వివరణలు ఉన్నాయి. ఈత రానివాడు మునిగితే ఎవరికీ ఆశ్చర్యం లేదు. చేపలా ఈదేవాడు అరుపు లేకుండా, చేతులు కొట్టుకోకుండా బావిలో ఉండిపోతే మాత్రం ‘బావి బలి కోరింది’ అంటారు. ‘కింద ఏదో కాలు పట్టి లాగింది’ అంటారు. కొందరు ఆ బావి వైపు వెళ్లడం మానేస్తారు. గమనిక తప్పు కాదు, అన్వయం తప్పింది. పెనుగులాట లేకపోవడమే ఆక్సిజన్ అందక స్పృహ తప్పిన దానికి ముఖ్యమైన గుర్తు. స్పృహ ఉన్నవాడే పెనుగులాడతాడు. దయ్యం కథ వల్ల జరిగే నష్టం ఏమిటంటే, పిల్లలు ఆ ఒక్క బావిని విడిచి పక్క చేనులోని బావిలో అదే ఆట మొదలుపెడతారు.

ప్రభుత్వ లెక్కల్లోనూ ఈ మరణాలు విడిగా కనిపించవు. దేశంలో 2022లో నీట మునిగి చనిపోయినవారు 38 వేలకు పైగా ఉన్నట్టు జాతీయ నేర గణాంకాల సంస్థ నమోదు చేసింది. పోలీసు కాగితంలో కారణం ‘నీట మునగడం’ అనే ఉంటుంది. మునగడానికి ముందే స్పృహ పోయిందా అన్న ప్రశ్న ఎవరూ వేయరు. శవపరీక్షలో కూడా ఊపిరితిత్తుల్లో నీరు కనిపిస్తుంది, అంతటితో కథ ముగుస్తుంది.

శ్వాసను నిలపడం మన సంప్రదాయంలోనే ఉంది కదా అన్న వాదన తరచూ వినిపిస్తుంది. ఉంది, కుంభకం అన్న పేరుతో ఉంది. అది నేల మీద, ఆసనం వేసి, గురువు ఎదుట చేసేది. సుమారు 15వ శతాబ్దపు హఠయోగ ప్రదీపిక రెండో అధ్యాయం ఈ విషయంలో ఈనాటి వీడియోల కన్నా ఎంతో జాగ్రత్తగా మాట్లాడుతుంది. సింహాన్ని, ఏనుగును, పులిని మెల్లమెల్లగా మచ్చిక చేసుకున్నట్టే ప్రాణవాయువును లొంగదీసుకోవాలని, తొందరపడితే అది సాధకుణ్ణే చంపుతుందని ఆ గ్రంథం నేరుగా హెచ్చరిస్తుంది. అందులోని ఎనిమిది కుంభకాల్లో నీటితో సంబంధం ఉన్నది ఒక్కటే, ప్లావిని. పొట్టను గాలితో నింపుకున్నవాడు లోతైన నీటి మీద కూడా తామరాకులా సుఖంగా తేలుతాడని అక్కడ ఉంది. మునగడం కాదు, తేలడం. నీటి అడుగున ధ్యానానికి పాత గ్రంథాల ఆమోదం వెతికేవారు ఈ మాట దగ్గర కాస్త ఆగి చూడాలి.

స్నానవిధిలోని అఘమర్షణంలో నీట మునిగి మంత్రం జపించే ఆచారం ఉన్నమాట నిజమే. కాళేశ్వరంలో, ధర్మపురిలో గోదావరి స్నానాలు చేసేవారు మూడు మునకలు వేసి లేస్తారు. ఇవన్నీ క్షణాల మీద ముగిసేవి, రేవులో నలుగురి మధ్య జరిగేవి. ఇక దుర్యోధనుడు జలస్తంభన విద్యతో మడుగు అడుగున దాగిన కథ తెలుగు పిల్లలందరికీ తెలుసు. ఆయన కథ ఆ తర్వాత ఎలా ముగిసిందో కూడా తెలుసు కాబట్టి ఆ ఉదాహరణను వదిలేద్దాం.

ఈ కాలపు యోగ శిక్షణలో వచ్చిన చిక్కు మాత్రం పెద్దది. 2015లో అంతర్జాతీయ యోగ దినోత్సవం మొదలైన తర్వాత ప్రాణాయామ శిబిరాలు చిన్న పట్టణాలకూ చేరాయి. కపాలభాతి, భస్త్రిక రెండూ వేగంగా ఊపిరి వదిలే పద్ధతులు. అవి రక్తంలోని కార్బన్ డయాక్సైడ్‌ను తగ్గించగలవు. చాప మీద కూర్చుని చేస్తే మహా అయితే తల తిరుగుతుంది. మితిమీరితే పక్కకు ఒరిగిపోతాడు. ఒరిగినవాడి శరీరం తనంతట తానే ఊపిరి తీసుకుంటుంది, రెండు నిమిషాల్లో లేచి కూర్చుంటాడు. పొద్దున భద్రకాళి చెరువు గట్టున భస్త్రిక చేసి, అటునుంచి అటే ఈత కొలనుకు వెళ్లి మునిగేవాడికి ఆ రక్షణ లేదు. స్పృహ పోయాక శరీరం తీసుకునే మొదటి ఊపిరి అక్కడ నీరే. వేగశ్వాసతో పేరుపొందిన డచ్చి దేశస్థుడు విమ్ హాఫ్ పద్ధతి కూడా, ఆ శ్వాస అభ్యాసాన్ని నీటిలో గానీ నీటి దగ్గర గానీ చేయవద్దని గట్టిగా చెబుతుంది. వేగశ్వాసనూ, నీట మునగడాన్నీ ఒకే పూట ముడిపెట్టకపోవడం మేలు.

స్థలం సంగతి. బావి, చెరువు, వాగు, కాలువ, క్వారీ గుంత ఒక్కటి కావు. కాకతీయుల నాటి పాకాల, లక్నవరం లాంటి చెరువుల్లో అడుగు బురద. ఒక కాలు ఊనితే చేయి కనిపించనంత మబ్బుగా నీళ్లు లేస్తాయి. మునిగినవాణ్ణి గట్టు మీది మనిషి కంటితో కనిపెట్టలేడు. వలల ముక్కలు, తామర తీగలు, గుర్రపు డెక్క వేళ్లు కాళ్లకు చుట్టుకుంటాయి. తూము దగ్గర నీరు లోపలికి లాగుతుంది, మత్తడి పోసేటప్పుడు అంచున నిలబడటమే కష్టం. శ్రీరాంసాగర్ నుంచి వచ్చే కాకతీయ కాలువకు సిమెంటు ఒడ్డులు ఉన్నాయి. పాచి పట్టిన ఆ వాలు మీద పట్టు దొరకదు. మేడారంలో జాతర రోజుల్లో జంపన్న వాగులో మోకాలి లోతు నీళ్లుంటే, వానాకాలంలో అదే వాగు పొంగి దారులు మూసేస్తుంది. కరీంనగర్, వరంగల్ చుట్టుపక్కల వదిలేసిన గ్రానైట్ క్వారీల్లో నిలిచిన నీరు నీలంగా, తేటగా కనిపించి కుర్రాళ్లను పిలుస్తుంది. నిలువుగా కోసిన ఆ రాతి గోడలకు ఎక్కి వచ్చే మెట్టు ఉండదు. ఇన్నిట్లో తేటనీరు, లోతు తెలిసిన అడుగు, పట్టుకోవడానికి అంచు ఉన్నది ఈత కొలను ఒక్కటే. అక్కడా కాపలా మనిషి అందరినీ చూస్తుంటాడు, ఒక్కరిని చూడడు. అడుగున కదలకుండా ఉన్న మనిషి సాధనలో ఉన్నాడో, స్పృహ తప్పాడో దూరం నుంచి ఒకేలా కనిపిస్తాడు. మొదటి అర నిమిషం పొరపాటు పడటం ఎవరికైనా సహజం. సాధన ప్రశాంతంగా ఉన్నకొద్దీ ఆ పొరపాటు సాగుతుంది.

ఊపిరి బిగబట్టి మునగడాన్ని క్రీడగా నేర్చినవారు ఈ చిక్కును కొన్ని మొండి నియమాలతో దాటుతారు. ఒకరు కింద ఉంటే ఒకరు పైన. ఇద్దరూ ఒకేసారి మునగకూడదు. కదలకుండా ఉండే సాధనలో పైనున్నవాడు ముందే అనుకున్న వ్యవధికి భుజం మీద తడతాడు, కిందివాడు వేలు ఎత్తి బదులిస్తాడు. బదులు రాకపోతే మరోసారి తడతాడు, అప్పటికీ రాకపోతే ఆలోచించకుండా పైకి లేపుతాడు. పైకి వచ్చాక కూడా కనీసం అర నిమిషం కన్ను తిప్పకూడదు, ఎందుకంటే స్పృహ తప్పడం ఎక్కువగా అప్పుడే జరుగుతుంది. పోటీల్లో పైకి వచ్చినవాడు 15 సెకన్లలో ముఖానికున్నది తీసేసి, సైగ చేసి, బాగానే ఉన్నానని నోటితో చెప్పాలి. చెప్పలేకపోతే ఎంతసేపు మునిగినా ఆ ప్రయత్నం చెల్లదు. ధ్యానం అంటూ దిగేవారికి ఇదంతా పటాటోపంగా తోచవచ్చు. పెదవులు నీలంగా ఉండి, మాట తడబడుతున్నా, ‘బాగానే ఉన్నా’నని నమ్మే మనిషి స్థితిని కనిపెట్టడానికి దీనికి మించిన పరీక్ష లేదు. కొరియాలోని జేజు ద్వీపంలో సముద్రంలో మునిగి నత్తలు ఏరే హెన్యో స్త్రీలు తరాలుగా గుంపుగానే పనికి పోతారు. పైకి తేలినప్పుడు వారు వదిలే ఊపిరి ఈల వేసినట్టు వినిపిస్తుంది. తోటివారికి వారి ఉనికిని తెలిపేది అదే.

నైపుణ్యం ఈ నియమాల నుంచి మినహాయింపు ఇవ్వదు. రష్యాకు చెందిన నతాలియా మొల్చనోవా 2013లో 9 నిమిషాల 2 సెకన్లు ఊపిరి బిగబట్టిన మనిషి. ఆ క్రీడలో ఆమెను మించిన స్త్రీ లేదని అప్పట్లో అందరూ ఒప్పుకున్నారు. 2015 ఆగస్టులో స్పెయిన్‌లోని ఫొర్మెంటేరా ద్వీపం దగ్గర పోటీ ఏదీ లేని ఒక మామూలు రోజున నీటిలోకి దిగింది, తిరిగి రాలేదు.

కొందరు ఈ దారికి అసలు రాకూడదు. మూర్ఛ ఉన్నవారు, గుండె లయ తప్పే జబ్బు ఉన్నవారు, ఇంట్లో చిన్న వయసులో హఠాత్తుగా చనిపోయినవారు ఉన్నవారు వైద్యుణ్ణి అడగకుండా మునగరాదు. పుట్టుకతో వచ్చే ఒక రకం గుండె లయ లోపం ఈతలోనే మొదటిసారి బయటపడవచ్చు. గర్భిణులు, కల్లు గానీ మందు గానీ తాగినవారు సరేసరి. ఉత్తర తెలంగాణకు ప్రత్యేకంగా చెప్పవలసిన జబ్బు సికిల్ సెల్. ఆదిలాబాద్, ఆసిఫాబాద్, ములుగు ప్రాంతాల గోండు, కోయ కుటుంబాల్లో ఇది ఉంది. దేశవ్యాప్తంగా దీని నిర్మూలనకు 2023లో జాతీయ కార్యక్రమం మొదలైంది. ఆక్సిజన్ తగ్గితే ఈ జబ్బు ఉన్నవారి ఎర్రరక్తకణాలు కొడవలిలా వంగి నాళాలకు అడ్డుపడతాయి. ఊపిరి పదేపదే బిగబట్టడం అంటే ఆ పరిస్థితిని చేజేతులా తెచ్చుకోవడమే. రక్త పరీక్ష ఒక్కటి చేయించుకుంటే తేలిపోయే విషయం ఇది.

ఎవరైనా మునిగితే ఊరు గజ ఈతగాళ్ల కోసం కబురు పెడుతుంది. చేపలు పట్టే కుటుంబాల నుంచి వచ్చిన ఆ మనుషుల నేర్పు గొప్పది, కానీ వారు వచ్చేసరికి వెతకవలసింది సాధారణంగా శవాన్నే. ఆక్సిజన్ అందని మెదడు నాలుగైదు నిమిషాల్లో దెబ్బతినడం మొదలవుతుంది. 108 కూడా ఆలోపు చేరడం అరుదు. కాబట్టి గట్టు మీది మనిషికే పని తెలియాలి. వెంటనే పైకి తేగలిగితే, ముఖాన్ని నీటి పైన ఉంచి, చెంప తట్టి, కళ్ల దగ్గర ఊది, పేరు పెట్టి పిలిస్తే చాలాసార్లు ఊపిరి తిరిగి వస్తుంది. రాకపోతే వెల్లకిలా పడుకోబెట్టి, తల వెనక్కి వంచి, ముక్కు మూసి, నోట్లో నోరు పెట్టి రెండు నుంచి ఐదు ఊపిర్లు ఊదాలి. కదలిక లేకపోతే ఛాతీ మధ్యన గట్టిగా 30 సార్లు నొక్కి, మళ్లీ రెండు ఊపిర్లు. కాళ్లు పట్టి తలకిందులుగా వేలాడదీయడం, పొట్ట నొక్కి నీళ్లు కక్కించడం ఇప్పటికీ చాలాచోట్ల మొదట చేసే పనులు. పొట్టలోంచి వచ్చిన నీరు తిరిగి శ్వాసనాళంలోకి పోతుంది, విలువైన నిమిషాలూ పోతాయి.

ప్రశాంతత మాత్రమే కావలసినవారికి బావి అడుగు దాకా వెళ్లే అవసరం లేదు. గుండెను నెమ్మదింపజేసే ఆ పాత ఏర్పాటుకు కావలసింది ముఖం మీద చల్లదనం, ఆగిన ఊపిరి, అంతే. నేల మీద కూర్చుని, ముందున్న బేసిన్‌లో కుండనీళ్లు పోసి, మామూలుగా ఒక ఊపిరి తీసుకుని పదిహేను ఇరవై సెకన్లు ముఖం ముంచినా అది మేలుకొంటుంది. గుండె జబ్బు లేనివారు, ఇంట్లో ఒకరు పక్కన ఉండగా, ముందు వేగశ్వాస ఏదీ చేయకుండా దీన్ని చేసుకోవచ్చు. ఊపిరి కోసం వచ్చే తహతహను గమనించే అభ్యాసమే కావాలంటే చాప ఉంది. అక్కడ కార్బన్ డయాక్సైడ్ అదే గంట మోగిస్తుంది, ఉదరవితానం అలాగే ఎగిరిపడుతుంది.

నీరే కావాలనుకునే ఈతగాళ్లకు తేలడం ఉంది. బావిలో వెల్లకిలా తేలి, పద్మాసనం వేసి, చేతులు పొట్ట మీద పెట్టుకుని పడుకునే పెద్దలు ఈ వైపు ఊళ్లలో ఇంకా అక్కడక్కడా ఉన్నారు. చెవులు నీటిలో ఉంటాయి కనుక గట్టు మీది కేకలు వారికీ వినిపించవు. ముక్కు మాత్రం గాలిలో ఉంటుంది. ఛాతీలో గాలి నింపితే ఒళ్లు పైకి లేస్తుంది, వదిలితే కొద్దిగా దిగుతుంది. శ్వాసను గమనించడానికి అంతకన్నా స్పష్టమైన గుర్తు చాప మీద కూడా దొరకదు. అలా తేలుతున్న పెద్దాయన కోసం మెట్ల మీద మనవడు కూర్చుని ఉంటాడు. పైనుంచి రూపాయి బిళ్ల విసరమని అడుగుతుంటాడు.